మా లంకలో ఇంకో ఆరు కొబ్బరిచెట్లు గోదాట్లో కలిసిపోయాయి. ఇంతకీ డెల్టా పెరుగుతోందా, తరుగుతోందా?

లంక_పిల్లోడు (ఆదివారం, రాత్రి 9:40)

అందరికీ నమస్తే. మాది పి.గన్నవరం దిగువన వైనతేయ పాయ ఒడ్డున చిన్న లంక ఊరు. ఉద్యోగం హైదరాబాద్‌లో. వరద తీసిందని తెలిశాక అమ్మ ఒకటే పోరు పెడితే మొన్న శుక్రవారం వెళ్లొచ్చాను. మా దొడ్లో ఏటివైపు వరసలో ఉండే కొబ్బరిచెట్లు ఆరు లేవు. విరిగి పడిపోవడం కాదు, అవి ఉన్న నేలే లేదు.

ఒడ్డు మొత్తం బెల్లం దిమ్మను కత్తితో కోసినట్టు నిలువుగా ఉంది. పైన నడుం లోతు నల్లటి ఒండ్రు, దాని కింద అంతా ఇసుక. నేను చూస్తుండగానే ఆ ఇసుక సన్నగా జారుతోంది, బస్తాకి చిల్లు పడితే బియ్యం కారినట్టు. ఏడో చెట్టు వేళ్లు సగం గాల్లో వేలాడుతున్నాయి. మా బాబాయి దాని కాయలు అప్పుడే దింపించేశాడు, "ఎలాగూ పోయేదానికి కాయలెందుకు వదిలెయ్యాలిరా" అని.

నది ఒండ్రు తెచ్చి పోస్తుంది, డెల్టా ఏటా సముద్రంలోకి పెరుగుతుంది అని కదా స్కూల్లో చదువుకున్నాం. మరి మాకు తరగడమే కనిపిస్తోంది. తాత చెప్పే గుర్తుల ప్రకారం మా పాత ఇల్లు ఉన్నచోటు ఇప్పుడు ఏటి మధ్యలో ఉంది. ఊళ్లో అడిగితే తలో మాట. ఒకరు ఏట్లో ఇసుక తవ్వే ర్యాంపులంటారు, ఒకరు పైన డ్యాములంటారు, పక్కింటి మామ్మగారైతే గోదారమ్మకి కోపం వచ్చిందంటుంది. తెలిసినవాళ్లు కాస్త విడమరిచి చెప్పండి.

అరటితోట_రావులపాలెం (రాత్రి 9:58)

మా వైపూ ఇదే కథ బ్రో. పోయినేడు చక్రకేళీ తోట గెలలతో సహా పోయింది. కోతకు పోయిన నేలకి పరిహారం సంగతి ఏంటని ఒక ఆఫీసుకి వెళ్తే "ముందు భూమెక్కడో చూపించండి" అన్నారు. ఎక్కడని చూపిస్తాం, నీళ్లలోనా? పట్టా మాత్రం బీరువాలో భద్రంగా ఉంది.

ఏటిగట్టు_మాస్టారు (రాత్రి 10:31)

బాబూ, నేను ఇరిగేషన్‌లో ముప్పై రెండేళ్లు చేసి రిటైరయ్యాను, అందులో సగం ఏటిగట్ల మీదే గడిచింది. మాస్టారు అన్నది మా ఊళ్లో పిల్లలకి లెక్కలు చెప్పడం వల్ల వచ్చిన పేరు.

నువ్వు రాసినదాంట్లోనే సగం జవాబు ఉంది, "వరద తీశాక" అన్నావు చూడు, అది. వరద ముంచినప్పుడు ఒడ్డు పోతుందని చాలామంది అనుకుంటారు గానీ, తీసేటప్పుడే ఎక్కువ పోతుంది. వారం పది రోజులు నిండా నీళ్లలో నానిన ఒడ్డు లోపల తడిసి బరువెక్కి ఉంటుంది. ఏట్లో నీళ్లు ఉన్నంతసేపూ ఆ నీళ్లే బయటి నుంచి ఒడ్డుకి దన్ను. నీరు గబగబా లాగేసరికి దన్ను పోతుంది, లోపలి నీరు బయటికి వస్తూ కింది ఇసుకను లాక్కుపోతుంది, పైనున్న ఒండ్రు గూడులా నిలబడి ఒక రోజు అర్ధరాత్రి 'ధబ్' మంటుంది. ఆ చప్పుడు లంకల్లో పడుకున్నవాళ్లకి తెలుసు.

ఇంకొకటి, మీ ఒడ్డు మలుపుకి బయటి వైపు ఉండుంటుంది. అక్కడే లోతు, అక్కడే వడి. అవతలి ఒడ్డుకి పోయి చూడు, ఇసుక మేట వేసి ఉంటుంది, దాని మీద ఈపాటికి రెల్లు మొలిచి ఉంటుంది. మీ ఆరు చెట్ల కింది మట్టి ఎక్కడికో పోలేదు, ఎవరో ఒకరికి లంకైంది.

1986 ఆగస్టులో నాకు కొత్తగా ఉద్యోగం. ధవళేశ్వరం దగ్గర మూడో ప్రమాద హెచ్చరిక అంటే నీటిమట్టం 17.75 అడుగులు. ఆ ఏడు అది ఎప్పుడో దాటేసి 35 లక్షల క్యూసెక్కులు పోయింది. రాత్రంతా పెట్రోమాక్స్ లైట్లు పట్టుకుని గట్టు వెంట నడిచేవాళ్లం, ఎక్కడ బుంగ పడుతుందోనని. ఎలుక బొరియ చాలు గట్టు తెగడానికి. ఇసుక బస్తాలు మోసింది కూలీలు ఒక్కరే కాదు, బ్యాంకు మేనేజరు గారు కూడా మోశారు.

లంక_పిల్లోడు (రాత్రి 10:44)

మాస్టారూ, నిజమే, మాది మలుపు బయటి వైపే. అవతల రెల్లు కూడా ఉంది!! అయితే ఇది మామూలు విషయమేనా, కంగారు పడక్కర్లేదా?

జియో_సుజాత (రాత్రి 11:20)

మాస్టారు గారు చెప్పింది నూటికి నూరు పాళ్లూ కరెక్టు. కానీ "కంగారు పడక్కర్లేదా" అన్నదానికి నా జవాబు వేరే. నేను విశాఖలో తీర ప్రాంతాల మీద పని చేస్తున్నాను.

రెండు వేర్వేరు సంగతులున్నాయి ఇక్కడ. ఏటి ఒడ్డు కోత ఒకటి, సముద్రం ఒడ్డు కోత ఒకటి. మీ ఆరు చెట్లు పోవడానికి పైనున్న డ్యామే కారణం అని నేను రాస్తే అబద్ధం అవుతుంది. నది వంకర తిరుగుతూ ఒకచోట తిని ఒకచోట పెడుతుంది, అనాదిగా ఉన్నదే. అయితే తినడం అంతే ఉండి, పెట్టేందుకు తెచ్చే మట్టి తగ్గితే? అక్కడ మొదలవుతుంది అసలు తంటా.

ఆంధ్రా యూనివర్సిటీ వాళ్లు డెల్టా మొదలయ్యే చోట కొలిచిన లెక్కలు తీసి చూశారు. గోదావరి 1970ల్లో ఏడాదికి సగటున 15 కోట్ల టన్నుల ఒండ్రు తెచ్చేది. 2000-2006 నాటికి అది 5.72 కోట్లు. కృష్ణ సంగతి చెప్పాలంటే భయమేస్తుంది, 1966-69లో 90 లక్షల టన్నులు ఉంటే 2000-2005 నాటికి 4 లక్షలకి పడిపోయింది. మిగతాదాంట్లో చాలా భాగం పైన రిజర్వాయర్ల అడుగున కూర్చుంది. ఫలితం, 1965 నుంచి 2008 లోపు రెండు డెల్టాలూ కలిపి 336 కిలోమీటర్ల తీరంలో పెరిగింది తీసేస్తే నికరంగా 76 చదరపు కిలోమీటర్లు సముద్రంలో కలిసింది. మన లెక్కలో దాదాపు 18,800 ఎకరాలు. 1965-90 మధ్య కంటే 1990 తర్వాత వేగం ఎక్కువైంది కూడా.

కాబట్టి మీ స్కూలు పుస్తకం తప్పు కాదు, పాతది. ఆరేడు వేల ఏళ్ల కిందట తీరం కొల్లేరు దగ్గర ఉండేది. అక్కడి నుంచి ఇప్పుడున్న చోటికి ఈ నేలంతా ఈ రెండు నదులూ మోసి పోసిందే. ఇప్పుడు ఆ పోత బాగా తగ్గింది. పైగా ఒండ్రు నేల తన బరువుకి తనే కొంచెం కొంచెం కుంగుతూ ఉంటుంది. పైన కొత్త పొర పడుతుంటే ఆ కుంగడం తెలీదు, పడకపోతే తెలుస్తుంది.

కాటన్_దొర_ఫ్యాన్ (సోమవారం, ఉదయం 7:05)

వచ్చేశారండీ డ్యాములు తప్పు అనేవాళ్లు. రేపు ధవళేశ్వరం ఆనకట్ట కట్టించిన కాటన్ దొరదీ తప్పే అంటారు. ఆనకట్ట లేకపోతే ఈ గోదావరి జిల్లాల్లో మనం ఈ ఫోరంలో కూర్చుని మాట్లాడుకునేవాళ్లమా? మా తాతల కాలంలో ఊరూరా కరువు. వరదొస్తే ముంపు, రాకపోతే ఎండు. మా ఊళ్లో విగ్రహానికి ఇప్పటికీ దండ వేస్తాం. వేస్తూనే ఉంటాం.

జియో_సుజాత (ఉదయం 8:12)

అయ్యో, నేనెక్కడ అన్నానండీ కాటన్ గారి పేరు.

ఏటిగట్టు_మాస్టారు (ఉదయం 9:30)

ఫ్యాన్ గారూ, ఆవేశపడకండి, నేనూ దండ వేసేవాణ్నే. ధవళేశ్వరంలో కాటన్ మ్యూజియానికి చుట్టాలు ఎవరొచ్చినా తీసుకెళ్లేది నేనే.

కానీ ఆనకట్టకీ పైన రిజర్వాయర్లకీ తేడా చూడాలి. 1833 కరువు, తర్వాత 1839 ఉప్పెన, వీటితో ఈ ప్రాంతం బాగా చితికిపోయాక కదా 1847లో పని మొదలై 1852కి పూర్తయింది. అప్పట్లో కట్టింది ఎత్తైన డ్యాం కాదు, నదికి అడ్డంగా పొట్టి గోడ. కాలువలకి నీరు ఎక్కేంత ఎత్తు లేపడమే దాని పని. పెద్ద వరదొస్తే నీరూ, ఒండ్రూ, ఇసుకా దాని నెత్తి మీదుగా దూకి పోయేవి. ఇప్పుడున్న బ్యారేజీకి కూడా ధవళేశ్వరం, ర్యాలి, మద్దూరు, విజ్జేశ్వరం నాలుగు చేతులూ కలిపి 175 గేట్లు, వరదలో అన్నీ లేపేస్తారు. నీరు ఆగేది తక్కువ. జలాశయం వేరు, అక్కడ నీరు నిలుస్తుంది, నిలిచిన నీట్లో మట్టి దిగుతుంది. చెంబులో బురద నీళ్లు పెట్టి ఓ పూట ఊరుకుంటే చాలు, మీకే తెలుస్తుంది.

ఇంకో మాట, కాటన్ పేరుతో పాటు వీణెం వీరన్న గారి పేరు కూడా తలుచుకోవాలి. వేల మంది కూలీలను పోగు చేసి పని నడిపించిన మనిషి ఆయన. పిల్లోడి ఊరి పక్కనే ఉన్న గన్నవరం అక్విడక్టు కూడా ఆ రోజులదే, 49 కమానులు. కింద వైనతేయ పోతుంటే దాని నెత్తి మీద కాలువ నడిపించి నాగరం దీవికి నీళ్లిచ్చారు. పక్కన కొత్తది కట్టి దానికి డొక్కా సీతమ్మ గారి పేరు పెట్టారు. పాతది ఇంకా నిలబడే ఉంది. నేను సర్వీసులో ఉండగా దాని కింద గూడు కట్టుకున్న పిచ్చుకల్ని లెక్కపెట్టేవాణ్ని, వేరే పని లేనప్పుడు.

నాకున్న ఒకే ఒక్క అనుమానం గట్ల మీద. ఏటిగట్లు వేశాక వరద చేలలోకి రాదు, సంతోషం. ఒండ్రూ రాదు. గట్టుకి ఇవతల నేల నూట డెబ్భై ఏళ్లుగా కొత్త మట్టి చూడలేదు. గట్టు లోపలి లంకలకే ఆ భాగ్యం, అందుకే వాటికి మునక, అందుకే వాటి మీద పండే కూరగాయలకి ఆ రుచి.

శివారు_రైతు (ఉదయం 10:15)

రుచి సంగతి సరే గానీ మాస్టారూ, మాది అల్లవరం వైపు. కాలువ చివరి ఎకరాలు. మాకు నీరు రావడమూ కష్టమే, పోవడమూ కష్టమే. నాట్లప్పుడు బోదెలో నీరుండదు, కోతలప్పుడు చేలో మోకాలి లోతు ఉంటుంది. డ్రెయిన్లు పూడిపోయాయి, కూనవరం డ్రెయిన్ గానీ వాసాలతిప్ప గానీ సముద్రంలో కలిసే చోట మొగ దగ్గర ఇసుక అడ్డం పడిపోతుంది. అమావాస్యకి పోటు వస్తే సముద్రం నీళ్లే ఎదురు తంతాయి. 2011లో కోనసీమలో పంట విరామం అని చేలు ఖాళీగా వదిలేశాం గుర్తుందా, టీవీల వాళ్లంతా మద్దతు ధర గురించే అడిగారు. ధర ఒక్కటే కాదండీ, మురుగు కూడా. ముంపు చేలో పెట్టుబడి పెట్టి ఎవడు చేతులు కాల్చుకుంటాడు.

సప్త గోదావరుల్లో తుల్యభాగ ఒకటి కదా. పుష్కరాల్లో పేరు చెప్పుకుని దండం పెడతారు. వెళ్లి బోర్డు చూడండి, తుల్యభాగ డ్రెయిన్ అని ఉంటుంది. నదిని మురుక్కాలవ చేశాం, ఆ మురుక్కాలవనైనా సరిగా పారనివ్వడం లేదు.

చెరువుల_శీను (ఉదయం 10:52)

ఇప్పుడు అందరూ రొయ్యల చెరువుల మీద పడతారు, నాకు తెలుసు. అందుకే ముందే చెప్తున్నా. ఆ ముంపు చేలు ఏడేళ్లు నష్టానికి పండించి, అప్పు తీర్చలేక నేను చెరువు తవ్వా. మొదట్లో టైగర్ రొయ్య వేసి వైరస్‌తో మునిగాం, తర్వాత వనామీ రొయ్యతో లేచాం. ఉప్పు మేమే తెచ్చామంటారు గానీ, ఉప్పు వచ్చాక మేమొచ్చిన చోట్లు కూడా ఉన్నాయి.

శివారు_రైతు (ఉదయం 11:08)

శీనూ, నిన్ను అనడం లేదు. మీరు వచ్చిన చోట మాత్రం పక్క చేను ఇక వరికి పనికి రాదు, అది నువ్వూ ఒప్పుకోవాలి. మా బావి నీళ్లతో టీ పెడితే పాలు విరుగుతున్నాయి. శంకరగుప్తం డ్రెయిన్ వెంట కొబ్బరిచెట్లు చూశావా, మొవ్వు ఎండిపోయి కరెంటు స్తంభాల్లా నిలబడ్డాయి. నీళ్లు లేక ఎండలేదు అవి, ఉప్పు నీళ్లు మొదట్లో నిలిచి ఎండాయి.

చెరువుల_శీను (ఉదయం 11:15)

ఒప్పుకుంటా. డ్రెయిన్లోకి మేం వదిలే నీళ్లు కూడా దానికి తోడే. కానీ నన్ను మళ్లీ వరికి రమ్మంటే, చెరువు పూడ్చే ఖర్చు ఎవరిస్తారు?

తాళ్లరేవు_బుల్లోడు (మధ్యాహ్నం 1:40)

పొద్దున్నే వేటకి పోయి ఇప్పుడే వచ్చా, ఇంత పెద్ద చర్చ అయిపోయిందా. మాది కోరంగి మడ అడవి పక్క. ఇక్కడోళ్లు ఎవరూ మడ గురించి మాట్లాడకపోవడం ఏంటండీ, డెల్టాకి అంచు కుట్టింది మడే కదా.

1978లో అభయారణ్యం చేశారు, 235 చదరపు కిలోమీటర్లు. లోపల నల్లమడ, తెల్లమడ, పొన్న, తిల్ల. తిల్ల కొమ్మ విరిస్తే పాలొస్తాయి, కంట్లో పడితే చూపు పోద్దని చిన్నప్పుడు దాని జోలికి పోనిచ్చేవాళ్లు కాదు. పాటుకి నీళ్లు లాగినప్పుడు మడ కింద నడిచి చూడండి, బురదలోంచి వేళ్లు పెన్సిళ్లు గుచ్చినట్టు పైకి పొడుచుకుని ఉంటాయి, ఊపిరి పీల్చుకోడానికి. వాటి మధ్య మండపీత కన్నాలు. రొయ్య పిల్ల, పండుగప్ప పిల్ల అక్కడే పెరుగుద్ది, పెద్దయ్యాక సముద్రంలోకి పోద్ది. రాత్రిళ్లు బావురుపిల్లి వస్తది చేపలకి. నేను రెండుసార్లే చూశా, రెండుసార్లూ అదే నన్ను ముందు చూసింది.

చాలామందికి తెలియనిది, మడకి ఉప్పునీళ్లు ఒక్కటే ఉంటే సరిపోదు. గోదారి నీళ్లు కలవాలి. బ్యారేజీ గేట్లు మూసేసిన ఎండాకాలంలో కొన్ని చోట్ల నేల మీద తెల్లగా ఉప్పు పేరుద్ది, అక్కడ మడ గిడసబారిపోద్ది. అలాంటి చోట్ల చేప ముల్లు ఆకారంలో సన్న కాలవలు తవ్వి, పోటు నీళ్లు లోపలికి వచ్చి మళ్లీ బయటికి పోయేలా చేసి మొక్కలు నాటారు. మా నాన్న ఆ కూలికి వెళ్లాడు. ఇప్పుడక్కడ పడవలో పోతుంటే కొమ్మలు నెత్తికి తగుల్తున్నాయి.

1996 నవంబరు 6 తుఫాను ఇక్కడోళ్లం మర్చిపోలేం. మా పెదనాన్న ఆ రోజు జ్వరమొచ్చి వేటకి పోలేదు, అందుకే ఉన్నాడు. ఆయనతో రోజూ వెళ్లే పడవ మళ్లీ రాలేదు. కాకినాడకి హోప్ ఐలాండ్ అడ్డం ఉంది గనక అలల దెబ్బ తక్కువ, ఉప్పాడకి ఆ అడ్డు లేదు, చూస్తున్నారుగా రోడ్డు ఎన్నిసార్లు వేసినా అలలకి ఎలా లేచిపోతోందో. ఆ ఐలాండ్ కూడా గోదారి ఇసుకతో అయ్యిందే.

పులస_ప్రియుడు (మధ్యాహ్నం 1:52)

పుస్తెలమ్మైనా పులస తినమన్నారు, ఇప్పుడు పుస్తెలు అమ్మినా దొరకడం లేదు. దీని మీద ఎవరైనా చెప్పండి.

తాళ్లరేవు_బుల్లోడు (మధ్యాహ్నం 2:20)

చెప్పేదేముంది బాబాయ్. సముద్రంలో ఉన్నప్పుడు అది ఇలస. వరద ఎర్రనీళ్లు సముద్రంలో కలవగానే ఆ వాసన పట్టుకుని గుడ్లు పెట్టడానికి ఏటికి ఎదురీదుద్ది, గోదారి నీళ్లలో ఈది ఈది దాని రుచే మారిపోద్ది, అప్పుడది పులస. ధవళేశ్వరం దగ్గర గోడ అడ్డం. అక్కడిదాకా రాకుండానే యానాం, ఎదుర్లంక దగ్గర వలలు. గుడ్లు పెట్టేలోపే పట్టుకు తినేస్తే పిల్లలెక్కడ్నుంచి వస్తాయి. నేనూ పట్టేవాణ్నేలే, ఒక్కటి పడితే నెల గడుస్తది, వదలబుద్ధి కాదు.

జియో_సుజాత (మధ్యాహ్నం 2:41)

బెంగాల్లోనూ ఇదే జరిగింది. 1975లో గంగ మీద ఫరక్కా బ్యారేజీ వచ్చాక ఇలస అలహాబాదు దాకా వెళ్లడం ఆగిపోయింది.

దివిసీమ_రాధ (సాయంత్రం 6:15)

గోదావరి వాళ్లు కబుర్లాడుకుంటుంటే మధ్యలో వస్తున్నాను, క్షమించాలి. మాది నాగాయలంక వైపు. మీకు 15 కోట్ల టన్నులు తగ్గి దాదాపు ఆరైంది. మాకు 90 లక్షలు తగ్గి నాలుగు లక్షలైంది అని సుజాత గారు ఒక్క వాక్యంలో రాసి వెళ్లిపోయారు. ఆ వాక్యం మీద నేను రోజంతా ఉండిపోయాను.

కృష్ణ పులిగడ్డ దగ్గర రెండుగా చీలి మా దివిసీమను మధ్యలో పెట్టుకుంటుంది. ఎండాకాలం అక్కడ నిలబడితే అది నది అనిపించదు, సముద్రం లోపలికి చాచిన నాలుకలా ఉంటుంది. నీళ్లు నోట్లో పోసుకుంటే ఉప్పగా ఉంటాయి. పైన ఆల్మట్టి, శ్రీశైలం, సాగర్, పులిచింతల, ఆఖర్న ప్రకాశం బ్యారేజీ. అన్నీ నిండి మిగిలితేనే మా దాకా. పట్టిసీమ ఎత్తిపోతల పథకం వచ్చాక గోదావరి నీళ్లు కాలువలకి వస్తున్నాయి, నాట్లు ముందే పడుతున్నాయి, అది కాదనను. కానీ నీళ్లొచ్చాయి గానీ మట్టి రాదు కదా.

1977 నవంబరు 19. అమ్మకి అప్పుడు పదకొండేళ్లు. శనివారం మధ్యాహ్నం నుంచే గాలి. ఉప్పెన వచ్చాక ఆమె జుట్టు ఒక తుమ్మచెట్టు కంపకి చిక్కుకుపోయి, అలా చిక్కుకోబట్టే మిగిలింది. ఇద్దరు అన్నలు, చెల్లి, నానమ్మ పోయారు. సర్కారు లెక్కలో చనిపోయినవాళ్లు పదివేల చిల్లర, అమ్మ ఆ లెక్కను ఎప్పుడూ ఒప్పుకోలేదు. ఇప్పటికీ మా ఇంటి చుట్టూ ఉన్న తుమ్మని కొట్టనివ్వదు. ఎవరైనా ముళ్ల చెట్టు ఇంటి ముందెందుకమ్మా అంటే ఏమీ మాట్లాడకుండా లోపలికి వెళ్లిపోతుంది.

సోర్లగొంది వైపు మడ మళ్లీ పెరుగుతున్న చోట్లున్నాయి, అది చూస్తే కొంచెం ధైర్యం వస్తుంది నాకు.

లంక_పిల్లోడు (సాయంత్రం 6:50)

రాధక్కా, ఏం రాయాలో తెలియడం లేదు. అమ్మగారికి నమస్కారాలు చెప్పండి.

రాటర్‌డ్యామ్_రాజు (రాత్రి 8:30)

నమస్తే. మాది భీమవరం, ప్రస్తుతం నెదర్లాండ్స్‌లో. ఇది కూడా డెల్టాయే, రైన్ నదిది. మన గోదావరికి 1953లో పెద్ద వరద వచ్చిందని మా తాతయ్య చెప్పేవారు. అదే ఏడు జనవరి 31 రాత్రి ఇక్కడ సముద్రం గట్లు తెంచుకుని 1,836 మంది పోయారు. ఆ తర్వాత వీళ్లు దశాబ్దాల పాటు కట్టిన అడ్డుకట్టలు చూడ్డానికి టూరిస్టులొస్తారు.

నాకు నచ్చింది అది కాదు. ఇక్కడ నీటి సంఘాలున్నాయి, కొన్ని 13వ శతాబ్దం నాటివి. గట్లు, మురుగు, పంపులు అన్నీ వాటి చేతిలోనే. వాటికి ఎన్నికలు వేరే, పన్ను వేరే. నా జీతంలోంచి కూడా కడతాను. డ్రెయిన్ పూడితే ఎవర్ని అడగాలో ప్రతివాడికీ తెలుసు. రెండోది, ఇన్ని వందల ఏళ్లు గట్లు ఎత్తు పెంచుకుంటూ పోయి, చివరికి నదికే చోటు వదలాలని తేల్చుకున్నారు. నైమేఖెన్ దగ్గర గట్టును 350 మీటర్లు వెనక్కి జరిపి, ఇళ్లు ఖాళీ చేయించి పక్కన ఇంకో పాయ తవ్వారు.

శివారు_రైతు (రాత్రి 8:47)

రాజు గారూ, బాగుందండీ. మా దగ్గర గట్టు 350 మీటర్లు వెనక్కి జరిపితే మూడు ఊళ్లు, రెండు గుళ్లు, ఒక చర్చి పోతాయి. ముందు డ్రెయిన్లలో తూడు కలుపు తీయించే దారి చెప్పండి.

రాటర్‌డ్యామ్_రాజు (రాత్రి 8:55)

హహ, నిజమే. ఇక్కడ జనం మనకన్నా పల్చగా ఏమీ లేరు గానీ, డబ్బు మాత్రం చిక్కగా ఉంది.

కాటన్_దొర_ఫ్యాన్ (రాత్రి 9:10)

సుజాత గారూ, పొద్దున్న కొంచెం తొందరపడ్డాను, సారీ. ఒక డౌటు. పోలవరం పూర్తయితే ఈ ఒండ్రు సంగతి ఇంకా...

మోడరేటర్ (రాత్రి 9:12)

పోలవరం మీద పాత చర్చ 48 పేజీలుంది, అందులో ముగ్గుర్ని బ్యాన్ చేశాను. దయచేసి అక్కడికి వెళ్లండి. ఇక్కడ మట్టి, నీరు, చెట్లు, చేపలు.

జియో_సుజాత (రాత్రి 9:30)

మోడరేటర్ గారి మాట మన్నిస్తూ ఒక్క ముక్క, ఏ జలాశయమైనా నిలిచిన నీట్లో మట్టి దిగుతుంది. మాస్టారి చెంబు గుర్తు చేసుకోండి.

పిల్లోడు గారూ, మీరు ఇసుక ర్యాంపుల గురించి కూడా అడిగారు. ఏటి అడుగున లోతుగా తవ్వితే ఒడ్డు కాళ్ల కింద మట్టి తీసినట్టే. మలుపు దగ్గర్లో తవ్వితే ఇంకా ప్రమాదం. మీ ఊరికి ఎగువనా దిగువనా ఎంత దూరంలో తవ్వుతున్నారో చూడండి. వీలైతే ప్రతి వరదకీ ముందూ తర్వాతా ఒడ్డు ఎక్కడుందో కొలిచి రాసిపెట్టండి. ఉపగ్రహం ఫొటోల్లో పదేళ్ల మార్పు కనిపిస్తుంది గానీ పది అడుగుల మార్పు కనిపించదు, అది మీ చేతిలో టేపుతోనే తెలియాలి.

ఊరిపేర్ల_పిచ్చి (మంగళవారం, ఉదయం 6:20)

ఆలస్యంగా వచ్చాను. మీరంతా లెక్కలు చెప్పారు, నేను పేర్లు చెప్తా. మన ఊళ్ల పేర్లే పాత సర్వే. లంక అంటే ఏట్లో మేట. తిప్ప అంటే ఇసుక దిబ్బ, చాలాచోట్ల అది ఒకనాటి సముద్రపు ఒడ్డు: బలుసుతిప్ప, వాసాలతిప్ప. మెరక అంటే మునగని చోటు. దీవి అంటే చుట్టూ నీరు: గుత్తెనదీవి, హంసలదీవి. కోనసీమ పాత ఊళ్లు చూడండి, ఇళ్లన్నీ తిప్పల మీద వరసగా, వరి చేలు రెండు తిప్పల మధ్య పల్లంలో. ఇంజనీరు లేకుండానే మనవాళ్లకి ఎక్కడ కట్టాలో తెలుసు. ఇప్పుడు లేఅవుట్లు వేసేది ఆ పల్లాల్లోనే.

ఘంటసాల (మన కృష్ణా జిల్లాది) ఒకప్పుడు పెద్ద వర్తక కేంద్రం, పాతకాలపు గ్రీకు భూగోళవేత్త టాలమీ చెప్పిన కొంటకొస్సిల అదేనంటారు. ఇప్పుడు అక్కడ నిలబడితే సముద్రం వాసన కూడా రాదు. కోరంగి రేవైతే ఓడలు కట్టిన చోటు, ఇక్కడి నుంచి జనం రంగూను వెళ్లేవారు, అందుకే బర్మాలో తెలుగువాళ్లని కోరంగీలు అనేవారు. గోదావరి ఒండ్రు రేవుని పూడ్చేసింది, వ్యాపారం కాకినాడకి పోయింది. ఆ రోజుల్లో ఒండ్రు ఎక్కువై ఊళ్లు చితికాయి, ఈ రోజుల్లో తక్కువై చితుకుతున్నాయి. మధ్యలో మనకి దొరికిన ఓ వందేళ్లు మాత్రం భలే పండాయి.

ఏటిగట్టు_మాస్టారు (ఉదయం 7:45)

పేర్ల పిచ్చి గారూ, మీ పోస్టు ప్రింటు తీసి మా మనవడికి ఇచ్చాను. పిల్లోడూ, ఒడ్డు మీద వెదురు, వట్టివేరు వేయించు, కొంత ఆపుతుంది. మలుపు మరీ మీదికి వస్తే అవి సరిపోవు, రాయి పడాల్సిందే. ఏడో చెట్టుని మాత్రం కొట్టించెయ్యి. పడేటప్పుడు వేళ్లతో పాటు గంపెడు ఒడ్డు పట్టుకుపోతుంది.

లంక_పిల్లోడు (దాదాపు పదిహేను రోజుల తర్వాత, శనివారం, సాయంత్రం 5:30)

అందరికీ థ్యాంక్స్. మళ్లీ ఊరొచ్చాను. పోయిన ఆదివారం ఫోన్లో చెప్తే బాబాయి మా పంపుసెట్టు దిమ్మ నుంచి ఒడ్డు అంచు దాకా టేపు పెట్టి కొలిచాడు. 41 అడుగులు. రెండో మనిషి దొరక్క టేపు ఆ చివర అమ్మ పట్టుకుందట. ఇవాళ నేనూ బాబాయీ కొలిచాం, 38. ఆరు రోజులు, పైన వాన లేదు, వరద లేదు.

ఏడో చెట్టు కొట్టించాం. ఎగువన కిలోమీటరున్నరలో ఒక ర్యాంపు ఉంది, మా వైపు నుంచి కనిపించదు, పడవేసుకుని వెళ్తే కనిపించింది. అవతలి ఒడ్డు మేట మీద ఎవరో అప్పుడే దోసపాదులు పెట్టారు. మా మట్టేనేమో. కాయలు బాగానే ఉన్నాయి, రెండు అడిగి తెచ్చుకున్నాం.

పంపుసెట్టు దిమ్మ మీద పెయింటుతో తేదీ, 38 అని రాశాం. కార్తీక పౌర్ణమికి మళ్లీ కొలుస్తాను.